బ్యాండు మాస్టరు కథానాయకుడైన వైనం

చిరంజీవులైన పిల్లలకు తాతయ్య ఆశీర్వదించి వ్రాయునది.

మొన్న మన వీధిలో పెళ్ళి ఊరేగింపు వెళ్తుండగా, అందరికన్నా ముందు క్లారినెట్ ఊదుకుంటూ నడుస్తున్న ఆయనను చూసి, "ఇలాంటివాళ్ళు సినిమాల్లో హీరోలు కాలేరా?" అని మీరడిగారు. ఒకప్పుడు ఇంగ్లండులో అయ్యారు. వారిలో నాకు తమాషాగా తోచేవాడు హ్యారీ రాయ్.

1900లో లండనులో పుట్టిన రాయ్ ఊదినదీ క్లారినెట్టే, దానికి తోడు శాక్సఫోను. 1930లలో మేఫెయిర్ హోటల్లో అతని బ్యాండు వాయిస్తుంటే కలిగినవారు అక్కడ నాట్యం చేసేవారు. ఆ గుమ్మం తొక్కే స్తోమత లేనివారు ఇంట్లో కూర్చుని బీబీసీ రేడియోలో వినేవారు. ఆ విధంగా ఎందరికో బ్యాండు నాయకుల పాట తెలుసు గాని వారి ముఖాలు తెలియవు. ఆ ముఖాన్ని చూపించే పని సినిమా పుచ్చుకుంది. పైగా 1927లో వచ్చిన చట్టం ప్రకారం థియేటర్లు కొంత వంతు బ్రిటిష్ చిత్రాలనే ఆడించాలి. ఆ వంతు క్రమంగా 20 శాతానికి పెరిగింది. కాబట్టి చిత్రాలు త్వరగా, చౌకగా తయారు కావాలి. పేరున్న బ్యాండును పిలిస్తే పాటలూ ప్రేక్షకులూ దాని వెంటే వస్తారు. హెన్రీ హాల్, జాక్ పేన్ వంటి బ్యాండు నాయకులు తెరకెక్కిందీ ఆ కాలంలోనే.

రాయ్ 1935లో, బోర్నియో దీవిలోని సరవాక్‌ను ఏలుతున్న ఆంగ్లేయ రాజుగారి కుమార్తెను పెళ్ళాడాడు. పత్రికలు ఆమెను ప్రిన్సెస్ పెర్ల్ అని పిలిచేవి. మరుసటి ఏడు వారిద్దరూ కలిసి నటించిన 'ఎవ్రీథింగ్ ఈజ్ రిథమ్'లో నాయకుడొక బ్యాండు మాస్టరు, అతను వలచినది ఒక రాకుమారిని! ఇంటి ముచ్చటనే తెర మీదికి తెచ్చారన్నమాట. ఇందులో అతనికి నటించవలసిన పని పెద్దగా ఉండి ఉండదని నా అనుమానం. 1937 నాటి 'రిథమ్ రాకెటీర్'లో మాత్రం అలా కుదరదు. అందులో బ్యాండు నాయకుడూ అతనే, అచ్చం అదే పోలికలున్న ముఠా దొంగా అతనే. ద్విపాత్రాభినయం మనకు కొత్త కాదు గాని, వాయిద్యగాడికి అది సాహసమే.

అతని నట జీవితంలో చెప్పుకోదగ్గవి ఈ రెండే. ఆ పెళ్ళీ నిలవలేదు, యుద్ధం తరువాత డ్యాన్సు బ్యాండుల మోజూ తగ్గింది. 1971లో రాయ్ కన్నుమూశాడు.

వేసవి సెలవులకు వచ్చినప్పుడు అతని 'బ్యూగుల్ కాల్ ర్యాగ్' వినిపిస్తాను. అందులో క్లారినెట్ ఎక్కడ అందుకుంటుందో మీరే పట్టుకోవాలి.

ఇట్లు,
మీ తాతయ్య