పాత ఇనుప సామాన్ల కొట్టు నుంచి: అపోహలు - వాస్తవాలు

శ్రీకాకుళం నుంచి ఆమదాలవలస వెళ్ళే దారిలో మాకో యార్డు ఉంది. ఇనుము, రాగి, ఇత్తడి, సిల్వర్ (అంటే అల్యూమినియం), పాత బ్యాటరీలు, అట్టలు, ప్లాస్టిక్ కొంటాం, ఏరతాం, లోడు కట్టి పంపిస్తాం. 19 ఏళ్ళుగా మా ఇంటి తిండి, పిల్లల చదువులు అన్నీ ఈ పని మీదే. మొన్నామధ్య మా మేనకోడలి సంబంధం మాట్లాడటానికి వచ్చిన ఒక పెద్దాయన "తమరేం చేస్తుంటారు బాబూ" అని అడిగారు. చెప్పాను. "అంటే చెత్త వ్యాపారమన్నమాట" అన్నారు. పెళ్ళి మాటల మధ్య వాదన ఎందుకని ఊరుకున్నాను కానీ ఆ మాట లోపల గుచ్చుకునే ఉంది. అందుకే మా కొట్టు దగ్గర రోజూ వినే మాటలు కొన్ని తీసుకుని, వాటిలో ఎంత నిజముందో నాకు తెలిసినంత వరకు రాస్తున్నాను.

అపోహ: తుక్కు అంటే చెత్తే, దాంతో దేశానికి ఒరిగేదేమీ లేదు.

ఒక టన్ను తుక్కు ఇనుము వాడుకుంటే 1.1 టన్నుల ఇనుప ఖనిజం, 630 కిలోల కోకింగ్ బొగ్గు (ఉక్కు తయారీకి వాడే రకం), 55 కిలోల సున్నపురాయి మిగులుతాయి. ఇది నా సొంత లెక్క కాదు, కేంద్ర ఉక్కు శాఖ 2019లో తెచ్చిన స్టీల్ స్క్రాప్ రీసైక్లింగ్ విధానంలో రాసి ఉన్నదే. నీళ్ళ వాడకం 40 శాతం, గ్రీన్‌హౌస్ వాయువులు 58 శాతం తగ్గుతాయని కూడా అందులోనే ఉంది. కాగితం మీద ఈ అంకెలు చూస్తే ఏమీ అనిపించదు గానీ, ఒకసారి కొత్తవలస స్టేషన్లో కాసేపు నిలబడండి, ఛత్తీస్‌గఢ్‌లోని బైలడిల్లా కొండలు తవ్విన ఖనిజం అరకు ఘాట్ మీంచి గూడ్సు బళ్ళలో దిగుతూ కనిపిస్తుంది. కోకింగ్ బొగ్గయితే ఎక్కువ భాగం ఓడల్లో బయటి దేశాల నుంచి రావాల్సిందే. ఆ లెక్కన మా యార్డు నుంచి 20 టన్నుల ఇనుము లారీ ఒకటి సాలూరు ఘాట్ ఎక్కి రాయపూర్ వైపు వెళ్ళిందంటే, ఎక్కడో 22 టన్నుల ఖనిజం భూమిలోనే ఉండిపోయింది, పన్నెండున్నర టన్నుల బొగ్గు కొనే పని తప్పింది.

ఇంకో సంగతి ఉంది. ఆ విధానం వచ్చేనాటికి దేశంలో దొరికే తుక్కు ఏడాదికి 2.5 కోట్ల టన్నులు, అది చాలక ఇంకో 70 లక్షల టన్నులు దిగుమతి చేసుకున్నాం. మనం డబ్బు పోసి తెచ్చుకునే సరుకే మన పెరళ్ళలో, బావుల పక్కన, మూతపడ్డ రైసు మిల్లుల్లో తుప్పు పట్టి మట్టిలో కలిసిపోతోంది. నాకు బాధ కలిగించేది ఇదే.

మనుషుల లెక్క కూడా చూడాలి కదా. పొద్దున్న ఆరున్నరకల్లా మా గేటు దగ్గర సైకిళ్ళు, తోపుడు బళ్ళు వచ్చి ఆగుతాయి. చాలామందికి సొంత పెట్టుబడి ఉండదు. మా దగ్గర చేబదులు తీసుకుని ఊళ్ళ మీదకి వెళ్తారు, సాయంత్రం సరుకు తెచ్చి తూకం వేయించి లెక్క తేల్చుకుంటారు. "పాత ఇనుప సామాన్లు కొంటాం, ఉల్లిపాయలిస్తాం" అని మీ వీధిలో అరిచే ఆ గొంతు లేకపోతే, ఈ దేశంలో ఇనుము కరిగించే ఫర్నేస్ ఎంత పెద్దదైనా మీ ఇంటి విరిగిన కత్తిపీట దాకా రాలేదు. ఈ పరిశ్రమ మొదలయ్యేది అక్కడే.

అపోహ: తుక్కు కరిగించి చేసిన ఇనుము నాసిరకం, ఇల్లు కట్టడానికి పనికిరాదు.

ఇనుము ఎన్నిసార్లు కరిగించినా ఇనుమే. ఖనిజం నుంచి ఉక్కు తీసే పెద్ద ప్లాంట్లు కూడా కన్వర్టర్లో, అంటే ఇనుముని ఉక్కుగా మార్చే పెద్ద పాత్రలో, కరిగిన ఇనుముతో పాటు కొంత తుక్కు వేస్తాయి, లోపల వేడి అదుపులో ఉండాలంటే అది కావాలి. మన దేశంలో తయారయ్యే ఉక్కులో సగానికి పైగా కరెంటు ఫర్నేసుల్లోంచే వస్తోంది, వాటికి తుక్కు ముఖ్యమైన ముడిసరుకు. కడ్డీ కొనేటప్పుడు చూడాల్సింది దాని మీద ఐఎస్ఐ గుర్తు, కడ్డీల నాణ్యత ప్రమాణమైన ఐఎస్ 1786 నంబరు ఉన్నాయా లేదా అని. అది ఏ ఊరి తుక్కులోంచి వచ్చిందనేది కాదు.

అయితే ఈ అపోహ ఊరికే పుట్టలేదు. తుక్కుని ఏరకుండా వేస్తే ఉక్కు నిజంగానే పాడవుతుంది. ముఖ్యంగా రాగి. ఇనుముతో పాటు రాగి ఒకసారి కరిగితే మళ్ళీ దాన్ని విడదీయడం ఫర్నేస్ వాళ్ళ తరం కాదు. ఆ ఉక్కుని వేడి మీద రోలింగ్ చేస్తుంటే పైన పగుళ్ళు వస్తాయి. అందుకే మాకు పని అంటే ఏరడమే. పొలం మోటారు ఒకటి వచ్చిందనుకోండి. బాడీ బీడు ఇనుము. లోపల సన్నటి రేకుల దొంతర, ఆ రేకుల గాడుల్లో రాగి వైండింగు, తిరిగే రోటరు గాడుల్లో సిల్వర్ పోత. మా దగ్గర ఒక కుర్రాడున్నాడు, ముందు బోల్టులు విప్పి రెండు మూతలూ తీస్తాడు, రోటరు లాగి పక్కన పెడతాడు, తర్వాత వైండింగుకి ఒక వైపు ఉబ్బెత్తుగా ఉన్న చుట్టని ఉలి పెట్టి సమంగా నరికేస్తాడు. అప్పుడు రెండో వైపు నుంచి కొక్కెం తగిలించి కాలు తన్నిపెట్టి లాగితే, గాడుల్లోంచి రాగి కుచ్చులు కుచ్చులుగా, నలుపు వార్నిషు కాగితంతో సహా ఊడొస్తుంది. ఒక్క తీగ మిగిలినా వదలడు. చివర్లో బీడు, రేకులు, రోటరు, రాగి నాలుగు కుప్పలవుతాయి, నాలుగింటికీ నాలుగు రేట్లు. అదే మోటారుని సమ్మెటతో పగలగొట్టి కలిపి పడేస్తే రాగి పోతుంది, ఇనుమూ చెడిపోతుంది.

అపోహ: వైరు కాల్చి తెస్తే రాగికి ఎక్కువ రేటు వస్తుంది.

రాదు. కాల్చిన రాగి నల్లబడి పొరలు పొరలుగా రాలుతుంది, తూకమూ తగ్గుతుంది రేటూ తగ్గుతుంది. వైరు పైన ఉండేది పీవీసీ, అది కాలితే గొంతు మండించే యాసిడ్ వాయువు, దాంతో పాటు డయాక్సిన్లనే విషాలు వస్తాయి. అవి ఒంట్లో చేరితే తొందరగా పోవు. సాయంత్రం పూట ఏటి గట్టున వైర్లు కాల్చే పిల్లల్ని చూసినప్పుడల్లా బండి ఆపి చెబుతుంటాను, కాల్చకుండా అలాగే తెండిరా నాయనా, తొక్క తీసే మిషను మా దగ్గరుంది, కాల్చినదానికంటే నేను ఎక్కువే ఇస్తాను అని. కొందరు విన్నారు. వినని వాళ్ళ దగ్గర కాల్చిన రాగి నేను కొనడం మానేశాను, కొంటే మళ్ళీ కాలుస్తారు కాబట్టి.

అపోహ: సిల్వర్ గిన్నెలు తేలిక సరుకు, వాటికి విలువేముంది.

సిల్వర్ అని మనం పిలిచేది అల్యూమినియం. కిలో కొత్త అల్యూమినియం తీయడానికి దాదాపు నాలుగు కిలోల బాక్సైట్ ఖనిజం కావాలి, లోహం తీసే స్మెల్టర్లో 14 యూనిట్ల వరకు కరెంటు కావాలి. మన పక్కనే కోరాపుట్ జిల్లా దమన్‌జోడిలో బాక్సైట్ తవ్వి, అల్యూమినా చేసి, కొంత అంగుల్ స్మెల్టర్‌కి, కొంత విశాఖ పోర్టుకి పంపుతారు. అదే పాత గిన్నె కరిగిస్తే కొత్తగా తీయడానికయ్యే శక్తిలో 5 శాతం చాలు. మీ ఇంట్లో అటక మీద సొట్టలు పడ్డ సిల్వర్ డేగిశా మూడు కిలోలుంటే, అందులో నలభై యూనిట్ల కరెంటు దాచిపెట్టినట్టే లెక్క.

ఇత్తడి, కంచు సంగతి కాస్త వేరు. వాటిని కొనేటప్పుడు నేను తొందరపడను. పోయిన ఏడాది ఒక పెద్దావిడ ఇత్తడి బిందె సంచిలో చుట్టి తెచ్చింది. "మా అత్త ఇచ్చినాది బాబూ, సిల్లు పడిపోనాది, ఏటి సేస్తాను" అంది. తిప్పి చూస్తే అడుగున అతుకు దగ్గర చిన్న చిల్లు, మిగతా బిందె చక్కగా ఉంది. తూకం వేశాను, రేటు చెప్పాను, మాటు వేయిస్తే ఇంకో ఇరవై ఏళ్ళు నీళ్ళు తేవచ్చమ్మా అని కూడా చెప్పాను. కాసేపు కాటా మీదున్న బిందె వైపు చూసి, మళ్ళీ సంచిలో చుట్టుకుని వెళ్ళిపోయింది. బాగుచేసుకుని వాడుకోగలిగిన వస్తువుని కరిగించకపోవడమే మంచిది. మన సారవకోట మండలంలో బుడితి ఉంది, అక్కడి ఇత్తడి, కంచు పనికి భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది. ఆ ఇత్తడి, ఆ కంచు తరతరాలుగా కరిగి మళ్ళీ పోత పోసుకుంటూ వచ్చినవే. రీసైక్లింగ్ అనే మాట మనకి కొత్త గానీ పని కొత్త కాదు.

అపోహ: స్క్రాప్ వాళ్ళంతా దొంగ సామాను కొంటారు.

కొనేవాళ్ళు ఉన్నారు. వాళ్ళ వల్ల మిగతా అందరికీ తలవంపు. కానీ అందరినీ ఒకే గాటన కట్టేయడం అన్యాయం. 2018 అక్టోబరు 11న తిత్లీ తుపాను పలాస దగ్గర తీరం దాటి ఉద్దానాన్ని ఊడ్చేసింది గుర్తుందా, కొబ్బరి, జీడి తోటలతో పాటు కరెంటు స్తంభాలు వరసగా ఒరిగిపోయాయి, ఊళ్ళు చీకట్లో ఉన్నాయి. ఆ వారంలోనే ఒక ఆటో నిండా వైరు చుట్టలు మా గేటు దగ్గరికి వచ్చాయి. పేనిన సిల్వర్ తీగలు, మధ్యలో ఉక్కు తీగ. ఆ రకం వైరు ఎవరి ఇంట్లోనూ ఉండదు, కరెంటు లైన్లకే వాడతారు. తెచ్చినవాడు చెప్పిన రేటు చాలా తక్కువ, ఆశపడితే ఆ ఒక్క ఆటోతోనే నెల రోజుల లాభం. లోపలికి రానివ్వలేదు, కరెంటు ఆఫీసుకి ఫోన్ చేసి చెప్పాం. దొంగ సొత్తని తెలిసి కొంటే భారతీయ న్యాయ సంహిత 317 సెక్షన్ కింద కొన్నవాడికీ శిక్షే. చట్టం అలా ఉంచండి, ఆ వైరు కోసం ఎదురుచూస్తూ ఊళ్ళలో చంటిపిల్లలతో చీకట్లో కూర్చున్నవాళ్ళు మా చుట్టాలే. మ్యాన్‌హోల్ మూతలు, రైలు పట్టాల సామాను, గుడి గంటలు, కరెంటు లైను వైరు, ఇవి ఆఫీసు కాగితం లేకుండా వస్తే మేం ముట్టుకోం. మీ ఊళ్ళో కొట్టువాడు ముట్టుకుంటున్నాడని తెలిస్తే పోలీసులకి చెప్పండి, మాకేమీ కోపం రాదు.

అపోహ: బ్యాటరీలో యాసిడ్ పారబోసి తెస్తే ఇబ్బంది ఉండదు.

దయచేసి ఈ పని మాత్రం చేయకండి. ఆ యాసిడ్‌తో పాటు సీసం కూడా మట్టిలోకి పోతుంది. మేం ఇంతకుముందు అద్దెకున్న స్థలంలో ఒక మూల, మాకంటే ముందున్నవాళ్ళు బ్యాటరీలు పగలగొట్టిన చోటు, ఎన్ని వర్షాకాలాలు వెళ్ళినా అక్కడ గడ్డి మొలవలేదు. సీసం పెద్దవాళ్ళకంటే పిల్లలకి ఎక్కువ చేటు, మెదడు ఎదుగుదలనే దెబ్బతీస్తుంది. 2022లో వచ్చిన బ్యాటరీ వ్యర్థాల నిబంధనల ప్రకారం పాత బ్యాటరీ రిజిస్టరైన రీసైక్లర్‌కి చేరాల్సిందే. కొత్తది కొనే షాపులో పాతది ఇచ్చేస్తే ధర తగ్గిస్తారు, అది అన్నిటికంటే సులువు. మా దగ్గరికి తెచ్చినా మూత బిగించి, నిలబెట్టి తెండి, యాసిడ్ వంచేసి కాదు. ఇన్వర్టర్ బ్యాటరీని ఇంట్లో పగలగొట్టి సీసం విడిగా అమ్ముకుందామనుకునేవాళ్ళ దగ్గర మేం కొనం.

ఫోన్ల బ్యాటరీలు ఇంకో రకం ప్రమాదం, నలిగినా గుచ్చుకున్నా మంటలు లేస్తాయి. అట్టల మధ్య పడేసి తేవద్దు.

అపోహ: ప్లాస్టిక్ ఏదైనా రీసైకిల్ అయిపోతుంది.

అవ్వదు. మా సరుకే అయినా ఉన్నది చెప్పాలి. మంచినీళ్ళ సీసాలు, బకెట్లు, కుర్చీలు, నూనె డబ్బాలు, పాల కవర్లు పోతాయి. చిప్స్ ప్యాకెట్లు, షాంపూ సాషేలు మాత్రం రెండు మూడు రకాల పొరలు అతికించి చేసినవి, వాటిని విడదీసి కొనేవాడు మాకు దొరకడు. మా దగ్గర ప్లాస్టిక్ ఏరే ఒక అక్క ఉంది, ముక్కని గోటితో మీటి, వంచి, అనుమానం వస్తే నీళ్ళ తొట్టిలో వేసి చూస్తుంది. బకెట్ ప్లాస్టిక్ తేలుతుంది, సీసా ప్లాస్టిక్, పీవీసీ పైపు ముక్క మునుగుతాయి. ఇంటి దగ్గర మీరు చేయగలిగింది ఒకటే, కూర మరకలూ తడీ లేకుండా పొడి సరుకు వేరే సంచిలో వేయడం. తడి చెత్తలో కలిసిన అట్ట ముక్క, నూనె పీల్చిన కాగితం ఇంక ఎవరికీ అక్కరకి రావు. మేం తీసుకోనివి పంచాయతీ చెత్త బండికి ఇవ్వండి, కాలవలో వేయకండి, ఎందుకంటే ఆ కాలవ నాగావళిలోకే పోతుంది.

అపోహ: రేటు మీ ఇష్టం వచ్చినట్టు పెడతారు.

రాగి, అల్యూమినియం రేట్లకి మూలం లండన్ మెటల్ ఎక్స్ఛేంజ్‌లో ఉంటుంది, ఇనుముకి ఫర్నేసుల గిరాకీ. పైన లారీ కిరాయి, కూలి, 18 శాతం జీఎస్టీ. 2024 అక్టోబరు 10 నుంచి రిజిస్ట్రేషన్ లేనివాళ్ళ దగ్గర లోహపు తుక్కు కొంటే ఆ పన్ను రిజిస్టరైన కొనుగోలుదారే కట్టాలని నిబంధన వచ్చింది. ఇక తూకం మాటంటారా, అనుమానం రావడంలో తప్పు లేదు. కాటా మీద తూనికలు, కొలతల శాఖ ముద్ర ఉందో లేదో చూడండి, ఖాళీ కాటా సున్నా చూపిస్తోందో లేదో చూడండి, ఇంటి దగ్గర తూచిన కిలో ఉప్పు ప్యాకెట్ జేబులో వేసుకొచ్చి పెట్టి చూసుకున్నా సరే. మా దగ్గర ఎవరైనా అలా చేస్తే నాకు సంతోషమే.

సంక్రాంతి ముందు ఇళ్ళు దులుపుతారు, మాకు ఏడాదిలో ఎక్కువ సరుకు వచ్చేది అప్పుడే. భోగి నాడు తెల్లవారుజామున మాత్రం మా వీధిలో పిల్లలు విరిగిన ప్లాస్టిక్ కుర్చీలు, టైర్లు మంటలోకి లాక్కొస్తుంటారు. ఈసారి ముందు రోజు రాత్రే మా గేటు దగ్గర తాటాకులు, ఎండు కొమ్మలు, పిడకలు కుప్ప పోయించాను. టైరు తెచ్చి ఇస్తే పిడకల దండ, కుర్చీ ఇస్తే తాటాకుల కట్ట అని చెప్పాను. తెల్లారేసరికి పదకొండు టైర్లు, ఆరు కుర్చీలు మా గోడకి ఆనించి ఉన్నాయి, మంట మాత్రం ప్రతి ఏడాదికంటే పెద్దదే వేశారు.