చెట్టును అడ్డంగా పడుకోబెట్టిన వీడియో: కొన్ని అపోహలు, వాస్తవాలు

నేను వీడియో ఆర్ట్ చేస్తాను, అంటే గ్యాలరీల్లో గోడల మీదా తెరల మీదా చూపించే వీడియోలు. ఈ పని గురించి చెప్పినప్పుడల్లా వినే మాటలు కొన్ని ఉన్నాయి, వాటికి ఫిన్లాండ్ కళాకారిణి ఎయా-లీసా అహ్తిలా పనులతోనే జవాబు చెప్పాలని ఎప్పటినుంచో అనుకుంటున్నాను.

అపోహ: స్టాండు మీద కెమెరా పెట్టి ఆన్ చేసేస్తే చాలు.

వాస్తవం: 2011లో ఆమె చేసిన 'వాకాసువోరా'లో ఉన్నది గాలికి ఊగే ఒక్క స్ప్రూస్ చెట్టు (చలి దేశాల్లో పెరిగే, సూదుల్లాంటి ఆకులున్న పొడుగు చెట్టు). పేరుకు అర్థం 'అడ్డంగా' అని. అంత పొడుగు చెట్టును ఆకారం చెడకుండా మొత్తం తీయడం ఎంత కష్టమో మా ఇంటి దగ్గర కొబ్బరిచెట్టుతో ప్రయత్నించాక నాకు తెలిసింది. కింద నుంచి కెమెరా పైకెత్తితే మొదలు లావుగా వచ్చి తల ఎక్కడికో పోతుంది, వైడ్ లెన్స్ వేస్తే అంచులు సాగిపోతాయి, బాగా వెనక్కి జరిగితే చుట్టూ ఉన్నదంతా ఫ్రేములోకి వచ్చి చెట్టు చిన్నబోతుంది. పైగా సినిమా ఫ్రేమ్ అడ్డం, చెట్టు నిలువు. అందుకే అహ్తిలా చెట్టును భాగాలుగా తీసి, ఆరు ప్రొజెక్షన్లు వరసగా పేర్చి, గోడ పొడవునా పడుకోబెట్టారు. చెట్టు మొదలు దగ్గర నిలబడ్డ మనిషి కూడా చెట్టుతో పాటే పక్కకు తిరిగి, చాలా చిన్నగా కనిపిస్తుంది. నిడివి ఆరు నిమిషాలే, కానీ ఇందులో చూసీచూడకుండా పెట్టిన షాట్ ఒక్కటీ లేదు.

అపోహ: ఫోన్లో చూసినా ఒకటే.

కాదు. ఫోన్లో ఆ చెట్టు వేలంత ఉంటుంది. గోడ మీదైతే దాన్ని చూడటానికి మీరే ఈ చివర నుంచి ఆ చివరకు నడవాలి.

అపోహ: వీటిలో కథ ఉండదు.

వాస్తవం: 2002లో జర్మనీలోని కాసెల్‌లో జరిగిన పెద్ద కళా ప్రదర్శన డాక్యుమెంటా 11లో చూపించిన ఆమె 'తాలో' (ఇల్లు) చూడండి. సైకోసిస్ (ఏది నిజమో ఏది కాదో తెలియకుండా పోయే మానసిక స్థితి) అనుభవించిన ఆడవాళ్లతో మాట్లాడి, ఆ మాటల ఆధారంగా రాసుకున్న కథ అది. ఒక స్త్రీ ఇంట్లోకి బయటి శబ్దాలు చొరబడతాయి, కారు గోడ మీద పోతుంది, ఆమె కిటికీలకు నల్ల కర్టెన్లు కుట్టుకుంటుంది. దీన్ని మూడు తెరల మీద చూపిస్తారు, ఎందుకంటే ఆమెకు లోపలా బయటా అన్న తేడా చెరిగిపోతోంది, చూసేవాళ్లకు కూడా ఎటు చూడాలో తెలియకూడదు. నాకు చాలా ఇష్టమైన పని ఇది.

అపోహ: మంచు దేశం కదా, అందుకే ఈ వీడియోలు అంత నెమ్మది.

సినిమాలు తీసే కళాకారుడు మీకా తానిలా కూడా ఫిన్లాండ్ వారే. 2016 నాటి ఆయన 'టెక్టానిక్ ప్లేట్' విమాన ప్రయాణం గురించి, అసలు కెమెరానే వాడకుండా చేసిన సినిమా. అందులో మంచూ అడవీ వెతకడం అనవసరం.

అపోహ: లోపల ఏదో అర్థం దాచి ఉంటుంది, మనకు అందదు.

దాచింది ఏమీ లేదండీ, టెన్షన్ వద్దు. 'వాకాసువోరా' ముందు నిలబడే అవకాశం వస్తే మొదలు వైపున్న తెర కాసేపు చూసి, తర్వాత కొన వైపుకు నడవండి. ఇటు మాను దాదాపు కదలదు, అటు గాలి ఆగదు.