విశాఖపట్నం నుంచి వెళ్లిన పచ్చ పింజర

తూర్పు కనుమల్లో వాగు పక్క వెదురు పొదల్లో, చేతికందే ఎత్తున కొమ్మకు తోక చుట్టుకుని, రాత్రంతా కదలకుండా కాపు కాసే ఆకుపచ్చ పాము ఒకటుంది, పేరు పచ్చ పింజర. కప్పో, బల్లో, ఎలుకో, చిన్న పిట్టో దగ్గరికొచ్చేదాకా అలాగే ఉంటుంది. గుడ్లు పెట్టదు, పిల్లల్నే కంటుంది. చాలామంది దీన్ని చూసి పసిరిక పాము అనుకుంటారు. పసిరిక తాడులా సన్నగా, మూతి మొనదేలి ఉంటుంది. దీని తల త్రికోణంగా, మెడ సన్నగా, ఒళ్లు మందంగా ఉంటుంది, కంటిపాప నిలువు గీతలా ఉంటుంది. ఇది విషసర్పం, కంటికీ ముక్కురంధ్రానికీ మధ్య గుంట ఉండే పిట్ వైపర్ల గుంపుది.

దీని శాస్త్రీయ నామం ఇప్పుడు క్రాస్పెడోసెఫాలస్ గ్రామినియస్. పాతికేళ్ల కిందటి పుస్తకాల్లో ట్రైమెరెసురస్ గ్రామినియస్ అని ఉంటుంది. పేరులో ముందు మాట దగ్గరి జాతుల గుంపును, అంటే ప్రజాతిని చెబుతుంది. అది ఎన్నిసార్లు మారినా వెనక మాట నిలబడింది. ఆ వెనక మాట మన విశాఖపట్నంలో దొరికిన పాముది.

స్కాట్లండ్ వైద్యుడు ప్యాట్రిక్ రస్సెల్ 1781లో తమ్ముడి వెంట విశాఖపట్నం వచ్చాడు. 1785లో ఈస్టిండియా కంపెనీకి ప్రకృతి శాస్త్రవేత్త అయ్యాడు. పాముకాటు మరణాలు చూసి, ఏది విషపుదో ఏది కాదో జనానికి తెలియాలని పాములు సేకరించాడు, బొమ్మలు వేయించాడు. 1796లో అచ్చయిన ఆయన గ్రంథంలో పాములకు ఇక్కడివాళ్లు పిలిచే పేర్లనే ఇంగ్లిషు అక్షరాల్లో రాసుకున్నాడు. బంగారు పాము పేరు అలా వెళ్లే ‘బంగారస్’ అయింది, శాస్త్రలోకం కట్లపాముల్ని ఇప్పటికీ ఆ తెలుగు మాటతోనే పిలుస్తుంది. మన పచ్చ పింజర అందులో ‘బోద్రూ పామ్’. 1802లో లండన్‌లో జంతుశాస్త్రవేత్త జార్జ్ షా ఆ వివరణను పట్టుకుని దీనికి కొలుబర్ గ్రామినియస్ అని పేరు పెట్టాడు. గ్రామినియస్ అంటే గడ్డికి సంబంధించినది, గడ్డిపచ్చ అనుకోవచ్చు. తెలుగు పేరు మాత్రం శాస్త్రీయ నామంలోకి ఎక్కలేదు. నాకది ఇప్పటికీ వెలితిగానే ఉంది.

కంటికీ ముక్కురంధ్రానికీ మధ్య ఉన్న గుంట మీద కూడా రస్సెల్ దృష్టి పడింది. సర్జన్ ఎవరార్డ్ హోమ్ శరీర నిర్మాణ పరిశీలనతో కలిపి 1804లో దాని మీద వ్యాసం వెలువరించాడు. ఆ గుంట వేడిని పసిగడుతుందని 1937లో నోబుల్, ష్మిట్ అనే శాస్త్రవేత్తలు ప్రయోగాలతో తేల్చారు. చీకట్లో ఎలుక ఒంటి వెచ్చదనమే దీనికి దారి చూపిస్తుంది.

షా పేరు పెట్టాక శతాబ్దమంతా ఆ పేరు విషయంలో గందరగోళమే. చైనా నుంచి ఇండోనేషియా దాకా చెట్టు మీద కనిపించిన ప్రతి ఆకుపచ్చ పింజరనూ గ్రామినియస్ అనేశారు. 1896లో బ్రిటిష్ మ్యూజియం పాముల జాబితా రాసిన బూలాంజే కూడా అంతే. 1933లో క్లిఫర్డ్ పోప్, సారా పోప్ దంపతులు ఆ ముద్దను విడదీసే పనికి పూనుకుని, భారత ద్వీపకల్పం నుంచి ఆక్సిడెంటాలిస్ అనే కొత్త జాతిని వర్ణించారు. చాలాకాలం దాన్ని గ్రామినియస్‌లోనే కలిపేశారు.

డీఎన్ఏ వచ్చాక లెక్క మళ్లీ మొదలైంది. 2004లో అనితా మల్హోత్రా, రోజర్ థోర్ప్ అనే పరిశోధకులు జన్యువులను పోల్చి ట్రైమెరెసురస్‌ను అనేక ప్రజాతులుగా విడగొట్టారు. మన పాముకు పాత పేరే మిగిలింది. 2011లో డేవిడ్, వోగెల్, దుబ్వా ఒక చిక్కు బయటపెట్టారు. 1804లో ఫ్రెంచ్ శాస్త్రవేత్త లాసెపేద్ పెట్టిన ట్రైమెరెసురస్ అనే పేరుకు ఆధారమైన పాము ఆగ్నేయాసియాలోని తెల్లపెదవి పింజరల గుంపుది, కాబట్టి ఆ పేరు వాటికే చెల్లుతుంది. మన పాముకు, దాని దగ్గరి చుట్టాలకు 1822 నాటి క్రాస్పెడోసెఫాలస్ అనే పేరు తీశారు. 2021లో బెంగళూరు పరిశోధకుల బృందం జన్యువులు, పొలుసులు, రూపురేఖలు అన్నీ కలిపి చూసి, పోప్ దంపతుల ఆక్సిడెంటాలిస్‌ను వేరే జాతిగా తిరిగి నిలబెట్టింది.

ఇది కేవలం పేర్ల పంచాయితీ అనుకుంటే పొరపాటు. మన ఆసుపత్రుల్లో ఇచ్చే విరుగుడు నాగుపాము, కట్లపాము, రక్తపింజర, చిన్న పింజర అనే నాలుగింటి విషంతోనే తయారవుతుంది. పిట్ వైపర్ విషం అందులో లేదు. పచ్చ పింజర కాటుకు విపరీతమైన నొప్పి, వాపు వస్తాయి, ప్రాణం పోవడం అరుదు. కాబట్టి కాటు వేసింది ఏ పామో వైద్యుడికి తెలియడం ముఖ్యం. కట్టు బిగించడం, కోయడం చేయకూడదు. పామును చంపి తెచ్చే పనీ పెట్టుకోవద్దు, వీలైతే దూరం నుంచి ఫోన్‌లో ఫొటో చాలు. ఏ జాతి విషం ఎలా పనిచేస్తుందో తేల్చాలన్నా ముందు జాతుల హద్దులు తెలియాలి. ఆ హద్దులకు కొలబద్దగా నిలిచే గ్రామినియస్ పేరు విశాఖపట్నం పాముకు కట్టి ఉంది కనుక, ఈ పని మన కొండల్లోనే ఇంకా గట్టిగా జరగాలి.