సీటు మీద కర్చీఫ్ ఎవరు తీస్తారు?

గుంటూరులో పురుగుమందుల షాపు నడుపుతున్న నా పాత విద్యార్థి ఒకడు మొన్న ఆసుపత్రి బిల్లు ఫోటో పంపాడు. వాళ్ళ బావగారికి పిత్తాశయంలో రాళ్ళుంటే ల్యాప్రోస్కోపీలో తీశారు. బిల్లులో ఒక వరుస చుట్టూ ఎర్రగా సున్నా చుట్టి, కింద ఇలా రాశాడు: "మాస్టారూ, మత్తు ఇచ్చినందుకు కట్టాం, బాగానే ఉంది. ఈ ‘రివర్సల్’ ఏంటండీ? మత్తు దానంతటదే దిగుతుంది కదా, దింపడానికి కూడా ఛార్జీయేనా?"

వ్యాపారస్తుడు కదా, సరైన చోటే పట్టుకున్నాడు. కానీ రివర్సల్ మత్తు దింపే మందు కాదు. ఇక్కడ మన భాష కొంచెం మోసం చేస్తుంది. స్పృహ లేకపోవడం, నొప్పి తెలియకపోవడం, ఒళ్ళు కదలకపోవడం అన్నిటినీ కలిపి మనం ‘మత్తు’ అనేస్తాం. ఇచ్చేవాడు మత్తు డాక్టరు, ఇచ్చేది మత్తు ఇంజెక్షను. నిజానికి అవి వేరువేరు మందులు. నిద్రపుచ్చే మందు, నొప్పి మందు సంగతి ఇవాళ వదిలేస్తాను. మూడోది కండరాలను సడలించే మందు. గొంతులో స్వరతంత్రుల మధ్య నుంచి ట్యూబు వెళ్ళాలన్నా, పొట్టలో గ్యాస్ నింపి కెమెరా తిప్పాలన్నా కండరాలు బిగుసుకుని ఉండకూడదు. ఆ మందు పడ్డాక వేలు కూడా కదలదు. ఊపిరి తీసే కండరాలు కూడా ఆగిపోతాయి కాబట్టి వెంటిలేటర్ ఊపిరి పోస్తుంది. చిక్కంతా ఇక్కడే. నిద్ర మందు దిగిపోయి, సడలించే మందు ఇంకా మిగిలి ఉంటే? మనిషికి మెలకువ వస్తుంది, అన్నీ వినపడతాయి, కళ్ళు తెరవలేడు, ఊపిరి సరిగా తీసుకోలేడు. ఆ పరిస్థితి రాకుండా చూసేదే రివర్సల్.

ఇంటర్ జువాలజీలో నరం, కండరం కలిసే చోటు గురించి రెండు పేరాలు ఉంటాయి. మా విజయవాడ కాలేజీల పిల్లలు నీట్ కోసం ఆ రెండు పేరాలనూ కామా పోకుండా అప్పజెబుతారు. అక్కడ ఏం జరుగుతుందో చెప్పమంటే "తాళం, తాళంచెవి సార్" అంటారు. నేనూ ముప్ఫై ఏళ్ళు బోర్డు మీద ఆ తాళమే గీశాను. ఇప్పుడు అనిపిస్తుంది, తాళం మంచి పోలిక కాదని. అంతకన్నా మంచిది పండిట్ నెహ్రూ బస్టాండులో రోజూ కనపడుతుంది.

పండగ ముందు రోజు. ప్లాట్‌ఫాం మీదికి బస్సు ఇంకా పూర్తిగా రాలేదు, కిటికీల్లోంచి కర్చీఫులు, తువ్వాళ్ళు, పిల్లల స్కూలు బ్యాగులు సీట్ల మీద పడిపోతాయి. కర్చీఫ్ ఎక్కడికీ ప్రయాణం చెయ్యదు, కానీ సీటు మాత్రం పోయినట్టే. కండరాలను సడలించే మందు అచ్చంగా ఆ కర్చీఫే.

నరం చివర నుంచి కండరానికి ఉన్న ఖాళీ మిల్లీమీటరులో దాదాపు ఇరవై వేలో వంతు. నరం ఎసిటైల్‌కోలిన్ అనే ప్రయాణికులను వదులుతుంది, వాళ్ళు ఆ ఖాళీ దాటి కండరం మీది సీట్లలో కూర్చుంటారు. ఇక్కడి సీట్లన్నీ ఇద్దరు కూర్చునేవే. ఒక్కరు కూర్చుంటే సరిపోదు, ఇద్దరూ కూర్చుంటేనే తలుపు తెరుచుకుని సోడియం లోపలికి దూకుతుంది, కండరం ముడుచుకుంటుంది. చెడగొట్టడానికి మాత్రం ఒక్క కర్చీఫ్ చాలు. రెండు చోట్లలో ఒకదాని మీద పడినా ఆ సీటు పని చెయ్యదు. మందు బలమంతా ఈ అన్యాయపు లెక్కలో ఉంది. ఇక కండక్టరు ఉన్నాడు. అతను ఎసిటైల్‌కోలినెస్టరేజ్ అనే ఎంజైము. కూర్చున్న ప్రయాణికుడిని సెకనులో వెయ్యో వంతులో దింపేసి, ముక్కలు చేసి పంపేస్తాడు. అంత దురుసు కండక్టరు లేకపోతే ముడుచుకున్న కండరం ముడుచుకునే ఉంటుంది.

ఆ కర్చీఫుల్లో మొదటిది దక్షిణ అమెరికా అడవుల్లో బాణాల మొనలకు పూసే కురారే. 1814లో చార్లెస్ వాటర్టన్ అనే ఆయన లండన్‌లో ఒక గాడిదకు అది ఎక్కించి, దాని ఊపిరి ఆగగానే గొంతుకు కోత పెట్టి, కమ్మరి కొలిమి దగ్గర ఉండేలాంటి తిత్తులతో గంటల తరబడి గాలి కొట్టించాడు. విషం దిగాక గాడిద లేచి నడిచింది, ఆ తర్వాత పాతికేళ్ళు బతికింది. మన వెంటిలేటర్ కథంతా ఆ తిత్తుల్లోనే ఉంది. ఆపరేషన్లలోకి ఈ మందు వచ్చింది 1942 జనవరిలో, మాంట్రియల్‌లో గ్రిఫిత్, జాన్సన్ అనే డాక్టర్ల చేతుల మీదుగా. ఆ ఆసుపత్రి పేరు హోమియోపతిక్ హాస్పిటల్. గుడివాడ హోమియో కాలేజీ వాళ్ళు గర్వపడొచ్చు, మందు మాత్రం హోమియో డోసులో ఇవ్వలేదు!

ఇక కర్చీఫులు తియ్యడం ఎలా? అవి సీటుకు కుట్టేసి ఉండవు. క్షణక్షణం లేస్తుంటాయి, మళ్ళీ పడుతుంటాయి. కర్చీఫ్ లేచిన ఆ క్షణంలో ప్రయాణికుడు దగ్గర్లో ఉంటే సీటు అతనిది, లేకపోతే ఇంకో కర్చీఫ్‌ది. కాబట్టి దారులు రెండే. ప్రయాణికుల సంఖ్యన్నా పెంచాలి, కర్చీఫులనన్నా తగ్గించాలి.

పాత మందు నియోస్టిగ్మిన్‌ది మొదటి దారి. అది కర్చీఫుల జోలికే పోదు, వెళ్ళి కండక్టరు చేతులు కట్టేస్తుంది. దింపేవాడు లేక ప్రయాణికులు పేరుకుపోతారు, తోసుకుని సీట్లు పట్టేస్తారు. తెలివైనదే కానీ రెండు లోపాలు. ఒకటి, కండక్టర్లందరి చేతులూ కట్టేశాక ఇంక కట్టడానికి ఏముంటుంది? ప్రతి సీటు మీదా కర్చీఫ్ ఉన్నప్పుడు ఎంత నియోస్టిగ్మిన్ పోసినా దండగే. అందుకే కదలిక కొంత తిరిగొచ్చేదాకా ఆగి ఇస్తారు. రెండు, ఇదే కండక్టరు గుండె, పేగులు, లాలాజల గ్రంథుల డిపోల్లో కూడా డ్యూటీ చేస్తున్నాడు. అక్కడా రద్దీ పెరిగితే గుండె నెమ్మదిస్తుంది, నోట్లో నీరూరుతుంది. అందుకని అక్కడి రద్దీని అడ్డుకోవడానికి పక్కనే గ్లైకోపైరోలేట్ కూడా ఇస్తారు, లేదా అట్రోపిన్. చాలాచోట్ల నియోస్టిగ్మిన్, గ్లైకోపైరోలేట్ ఒకే ఆంప్యూల్‌లో కలిపే వస్తాయి.

అట్రోపిన్ పేరు చదవగానే మా వాడికి ఏదో గుర్తొచ్చి ఉండాలి. పురుగుమందు తాగినవాళ్ళను గుంటూరు పెద్దాసుపత్రికి తెస్తే ఎక్కించేది అదే. ఒరేయ్, నీ షాపులో కార్బోఫ్యూరాన్ గుళికలు ఉంటాయే, అవీ నియోస్టిగ్మినూ ఒకే ఇంటివి. రెండూ కార్బమేట్లే. రెండూ అదే ఎంజైములో అదే చోట, సీరిన్ అనే ఒక అమైనో ఆమ్లం మీద తమ ముక్క ఒకటి అతికించి పోతాయి. కాసేపటికి ఆ ముక్క ఊడి ఎంజైము మళ్ళీ పనిలోకి వస్తుంది. మోనోక్రోటోఫాస్ లాంటి వేరే జాతి పురుగుమందులు అతికిస్తే మాత్రం అంత తేలిగ్గా ఊడదు. పత్తి చేలో పురుగు చచ్చేదీ, ఆపరేషన్ థియేటర్‌లో మనిషి మళ్ళీ తనంతట తాను ఊపిరి తీసుకునేదీ ఒకే రసాయన సూత్రంతో. ఇది క్లాసులో చెప్పినప్పుడల్లా వెనక బెంచీ కూడా తలెత్తేది.

ఈ వంశానికి మూలపురుషుడు కూడా విషమే. నైజీరియాలోని కాలబార్‌లో దొంగతనమో చేతబడో చేశాడని అనుమానం వస్తే ఒక రకం చిక్కుడు గింజ తినిపించేవారు. చస్తే నేరస్థుడు, కక్కుకుని బతికితే నిర్దోషి. మన దగ్గర మరిగే నూనెలో చెయ్యి పెట్టించిన బాపతే. ధైర్యంగా గబగబా మింగినవాడికి వాంతయ్యే అవకాశం ఎక్కువ, భయంతో కొంచెం కొంచెం తిన్నవాడికి విషం ఒంటబడుతుందని ఒక వివరణ ఉంది. సరే, దేవుడి తీర్పు అనుకున్నది జీర్ణాశయం తీర్పు అన్నమాట! ఆ గింజలోని ఫైసోస్టిగ్మిన్ కురారేకు విరుగుడుగా పని చేస్తుందని 1900లో వియన్నాలో యాకోబ్ పాల్ గమనించాడు. దానికి ప్రయోగశాలలో చేసిన చుట్టమే నియోస్టిగ్మిన్, 1931 నాటిది.

రెండో దారి, అంటే కర్చీఫులనే ఏరెయ్యడం, ఆ తర్వాత డెబ్బై ఏళ్ళకు గానీ తట్టలేదు. స్కాట్లాండ్‌లోని న్యూహౌస్‌లో ఆర్గనాన్ కంపెనీలో పనిచేసే ఆంటన్ బామ్, రోక్యురోనియమ్ అనే సడలించే మందును ప్రయోగ ద్రావణంలో కరిగించడానికి ఏది పనికొస్తుందా అని చూస్తూ సైక్లోడెక్స్ట్రిన్‌ల దగ్గరికి వచ్చాడు. ఇవి గ్లూకోజు ముక్కలు గుండ్రంగా చెయ్యి చెయ్యి పట్టుకున్న వలయాలు. మన గారె అనుకోండి. బయటి అంచుకు నీరంటే ఇష్టం, చిల్లు లోపలి గోడకు నూనెలాంటివంటే ఇష్టం. గామా రకంలో గ్లూకోజులు ఎనిమిది, చిల్లు వెడల్పు రోక్యురోనియమ్‌కు సరిపోయేంత. కానీ గారె మందం చాలలేదు, మందు సగం బయటికి పొడుచుకొస్తోంది. అందుకని ఎనిమిది గ్లూకోజులకూ ఎనిమిది తోకలు తగిలించారు. గంధకం ద్వారా అతికిన ఆ తోకల చివర రుణావేశం పెట్టారు. ఒకే ఆవేశం కాబట్టి తోకలు ఒకదాన్నొకటి నెట్టుకుంటాయి, నోరు మూసుకుపోదు. రోక్యురోనియమ్‌లోని నైట్రోజన్‌కు ధనావేశం, అది లోపలికి జారగానే తోకలు దాన్ని పట్టేసుకుంటాయి. చిల్లు లోతు 0.8 నుంచి 1.1 నానోమీటర్లకు పెరిగింది. దాని పేరు సుగమాడెక్స్. ‘సు’ అంటే షుగర్, ‘గమాడెక్స్’ అంటే గామా సైక్లోడెక్స్ట్రిన్. మన ‘సుగమం’ అందులో లేదు, కానీ ఉన్నా తప్పేం లేదు.

నాకు అన్నిటికన్నా నచ్చింది ఇక్కడ ఉంది. సుగమాడెక్స్ బస్సు ఎక్కి సీటు మీద కర్చీఫ్ లాగదు. అది ప్లాట్‌ఫాం మీదే, అంటే రక్తంలోనే, తిరుగుతూ అక్కడ గాల్లో ఎగిరే కర్చీఫులను ఏరుకుంటుంది. ప్లాట్‌ఫాం మీద కర్చీఫులు లేకుండా పోతే బస్సులో లేచినవి బయటికి కొట్టుకొస్తాయి, తిరిగి లోపలికి పడడానికి వేరేవి ఉండవు. చూస్తుండగా సీట్లన్నీ ఖాళీ. కండక్టరు చేతులు కట్టక్కర్లేదు, గుండె డిపోలో గొడవా లేదు. ఒక గారెకు ఒక కర్చీఫ్, లెక్క ఒకటికి ఒకటి. సుగమాడెక్స్ అణుభారం సుమారు 2,178, రోక్యురోనియమ్‌ది 610. అంటే ఒక మిల్లీగ్రాము రోక్యురోనియమ్‌కు 3.57 మిల్లీగ్రాముల సుగమాడెక్స్ కావాలి. 60 కిలోల మనిషికి కిలోకు 0.6 చొప్పున ఇచ్చిన రోక్యురోనియమ్ 36 మిల్లీగ్రాములు, దాన్ని మొత్తం పట్టడానికి దాదాపు 128. మామూలుగా ఇచ్చే డోసు కిలోకు 2, అంటే 120. ఈలోగా కొంత మందు కాలేయం తీసేసి ఉంటుంది కాబట్టి సరిపోతుంది. మోలు లెక్కలు ఎందుకు సార్ అని అడిగిన పిల్లలందరికీ ఇదే నా ఆలస్యపు జవాబు. కదలిక ఇంకా లేనంత గాఢంగా ఉంటే కిలోకు 4 ఇస్తారు. ఇప్పుడే పెద్ద డోసు ఇచ్చాం, ట్యూబు వెళ్ళడం లేదు, ఊపిరి వెంటనే కావాలి అన్నప్పుడు 16. నియోస్టిగ్మిన్‌కు పది నిమిషాలో ఇంకా ఎక్కువో పట్టే చోట ఇది రెండు మూడు నిమిషాల్లో పని ముగిస్తుంది.

కర్చీఫులు ఎన్ని మిగిలాయో చూడడం ఎలా? మణికట్టు దగ్గర నరానికి అర సెకను తేడాతో నాలుగుసార్లు చిన్న షాక్ ఇస్తారు, బొటనవేలు నాలుగుసార్లు కొట్టుకోవాలి. మందు మిగిలి ఉంటే కొట్టుడు వరసగా తగ్గుతుంది. మొదటి దెబ్బతో పోలిస్తే నాలుగోది కనీసం 0.9 ఉంటేనే ట్యూబు తీయాలి. 0.4 దాటాక తేడా కంటికి తెలియదు, మిషను కావాల్సిందే. ఇంకా గమ్మత్తు, బొటనవేలు మామూలుగా ఆడుతున్నప్పుడు కూడా నూటికి డెబ్బై సీట్ల మీద కర్చీఫులు ఉండొచ్చు. ప్రకృతి అంత అదనపు సీట్లు పెట్టింది. "తల ఎత్తి అయిదు సెకన్లు ఉంచండి" అని బావగారిని అడిగి ఉంటారు. అది పాత పరీక్ష, అది పాసైనా గొంతు కండరాలు ఇంకా నీరసంగానే ఉండొచ్చు.

మరి అందరికీ సుగమాడెక్స్ ఎందుకివ్వరు? ధర ఎన్నో రెట్లు ఎక్కువ. 2008లో ఐరోపా ఒప్పుకున్నా, అమెరికా అలర్జీల భయంతో 2015 డిసెంబరు దాకా ఒప్పుకోలేదు. పైగా ఈ గారె చిల్లు స్టెరాయిడ్ అచ్చుకు చేసింది. సడలించే మందుల్లో ఆ అచ్చువైన రోక్యురోనియమ్, వెక్యురోనియమ్ పడతాయి గానీ అట్రాక్యురియమ్ అనే ఇంకొకటి పట్టదు. దానికి అంత అవసరమూ లేదు, అది ఒంటి వేడికే తనంతట తాను విరిగిపోయేలా తయారైన మందు. స్టెరాయిడ్ అచ్చే కాబట్టి గర్భనిరోధక మాత్రల్లో ఉండే ప్రొజెస్టెరాన్ లాంటి హార్మోన్లు కూడా కొంత చిక్కుతాయి. ఆ మాత్రలు వాడేవాళ్ళు సుగమాడెక్స్ తర్వాత ఏడు రోజులు వేరే జాగ్రత్త తీసుకోవాలి. ఆపరేషన్ హడావుడిలో ఈ మాట చెప్పడం మర్చిపోవడం తేలిక, అడిగి తెలుసుకోవాలి.

మన ఊళ్ళకు ప్రత్యేకంగా సంబంధించింది ఇంకొకటుంది. కండరాలను సడలించే మందుల్లోనే స్కోలిన్ అనేది అయిదు పది నిమిషాల్లో దిగిపోవాలి, రక్తంలోని వేరే ఎంజైము దాన్ని విరగ్గొడుతుంది. ఆర్యవైశ్యుల్లో కొందరికి పుట్టుకతోనే ఆ ఎంజైము పని చెయ్యదు, మామూలుగా ఏ ఇబ్బందీ ఉండదు, స్కోలిన్ ఇచ్చినప్పుడు మాత్రం గంటల తరబడి కదలిక రాదు. తరతరాలుగా లోపల్లోపలే పెళ్ళిళ్ళు చేసుకోవడం వల్ల ఇలాంటి జన్యువులు పేరుకుంటాయని హైదరాబాద్‌లోని సీసీఎంబీ పరిశోధన సంస్థ, హార్వర్డ్ శాస్త్రవేత్తలు 2017లో ఈ ఉదాహరణే చూపించారు. ఆపరేషన్ ముందు కొందరు మత్తు డాక్టర్లు కులం అడిగితే కోపం తెచ్చుకోకండి. ఇలాంటప్పుడు సుగమాడెక్స్ పట్టదు, నియోస్టిగ్మిన్ ఆ కాస్త ఎంజైమునూ కట్టేస్తుంది. వెంటిలేటర్ మీద ఉంచి ఓపిగ్గా చూడడమే, వాటర్టన్ గాడిదకు చేసినట్టు. ముందే తెలిస్తే స్కోలిన్ బదులు రోక్యురోనియమ్ ఇస్తారు, పక్కన సుగమాడెక్స్ పెట్టుకుంటారు.

బిల్లు ఫోటో పెద్దది చేసి మళ్ళీ చూశాను. ‘రివర్సల్ - 1’ అని ఉంది, మందు పేరు రాయలేదు. ఎదురుగా ఉన్న ధర చూస్తే మాత్రం మీ బావగారికి ఇచ్చింది నీ గుళికల చుట్టమేరా, గారె కాదు.