సమ్మరీ దావాలో ప్రతివాది వాదన: పది రోజుల గడువు ఎక్కడిది?

పలాసలో జీడిపప్పు ఫ్యాక్టరీ నడిపేవాళ్ళకైనా, రాజాంలో జనపనార కొనే వ్యాపారులకైనా కోర్టు సమన్లు కొత్తేం కాదు. ప్రోనోటు దావా పడితే ప్లీడరు దగ్గరకెళ్ళి వకాల్తా మీద సంతకం పెట్టి వస్తారు. మామూలు దావాలో జవాబు వేయడానికి ముప్పై రోజులుంటాయి, కోర్టు ఒప్పుకుంటే తొంభై దాకా సాగుతుంది. ఈ అలవాటే సమ్మరీ దావాలో, అంటే రాతపూర్వక బాకీలను పూర్తి విచారణ లేకుండా త్వరగా తేల్చే దావాలో, కొంప ముంచుతుంది. అక్కడ సమన్లు అందిన పది రోజుల్లో కోర్టులో హాజరు నమోదు చేసుకోకపోతే, దావాలో రాసిందంతా ఒప్పుకున్నట్టే లెక్క. సాక్ష్యం, విచారణ లేకుండానే డిక్రీ వస్తుంది.

వచ్చింది ఏ దావానో ఆ కాగితమే చెబుతుంది. సమన్లతో వచ్చే దావా ప్రతిలో కేసు నంబరుకు సరిగ్గా కింద ‘సివిల్ ప్రొసీజర్ కోడ్ 37వ ఆర్డరు కింద’ అని ఉండాలని చట్టమే నిర్దేశించింది. సమన్లు అందుకోగానే ముందు చూడాల్సింది ఆ ఒక్క వరుసే.

ఈ పద్ధతి పల్లెల అప్పుల కోసం పుట్టలేదు. బిల్లులు, ప్రోనోట్ల మీద నడిచే వ్యాపారంలో బాకీదారు ఉత్తుత్తి వాదనలతో ఏళ్ళు గడపకుండా 1855లో ఇంగ్లండులో ఒక చట్టం చేశారు. 1866లో అది మన దేశానికీ వచ్చింది, 1908 కోడ్‌లో 37వ ఆర్డరుగా కుదురుకుంది. అప్పట్లో అది ప్రధానంగా కలకత్తా, మద్రాసు, బొంబాయి హైకోర్టులకే. ప్రతివాది పరిస్థితి మాత్రం మరీ కఠినం. వాదించడానికే కాదు, అసలు కోర్టు ముందుకు రావడానికే అనుమతి కావాలి.

1976 సవరణ దీన్ని రెండు రకాలుగా మార్చింది, అది 1977 ఫిబ్రవరి 1న అమల్లోకి వచ్చింది. ఒక పక్క ఈ పద్ధతిని మిగతా సివిల్ కోర్టులకూ, రాతపూర్వక ఒప్పందాల మీద తేలే బాకీలకూ, హామీలకూ విస్తరించింది. రెండో పక్క, హాజరు కావడం ప్రతివాది హక్కు అయింది, అనుమతి వాదనకు మాత్రమే మిగిలింది. హాజరయ్యాక వాది మరో సమన్లు పంపాలి. అవి అందిన పది రోజుల్లో ప్రతివాది తన వాదన ఏమిటో అఫిడవిట్‌లో చెప్పి అనుమతి అడగాలి. చెప్పుకోదగ్గ వాదన ఏదీ లేదని, లేదా అది ఉత్త కాలయాపన కోసమని తేలితే తప్ప అనుమతి నిరాకరించకూడదని కూడా అప్పుడే రాశారు. బాకీలో కొంత ఒప్పుకుంటే ఆ మేరకు సొమ్ము కోర్టులో కట్టాలి.

కోర్టుల తీర్పుల్లో నన్ను ఎక్కువగా ఆకట్టుకునేది 1958 నాటి సంతోష్‌కుమార్ కేసు. సరుకుకు పూచీగా ఇచ్చిన చెక్కు అది, సరుకు డబ్బు విడిగా చెల్లించేశానని ప్రతివాది అన్నాడు. ఆధారం చూపలేదని కింది కోర్టు సెక్యూరిటీ పెట్టమంది. ఆధారాలు చూపాల్సింది విచారణలో, అనుమతి దశలో కాదని సుప్రీంకోర్టు ఆ షరతు కొట్టేసింది. సెక్యూరిటీ చెక్కు తీసుకోందే సరుకు దింపని మన బజార్లలో ఈ వాదన ఎంత అవసరమో వేరే చెప్పాలా? ఆ తర్వాత 1976లో మెకలెక్ కేసులో, అనుమతి ఎప్పుడివ్వాలన్న దాని మీద 1945 నాటి కలకత్తా హైకోర్టు సూత్రాలను సుప్రీంకోర్టు తీసుకుంది. 2016లో హబ్‌టౌన్ కేసు కాస్త వాది వైపు మొగ్గింది. వాదన నిజాయితీ మీద అనుమానముంటే డబ్బు కట్టమనే షరతు పెట్టొచ్చంది. 2022లో బి.ఎల్. కశ్యప్ కేసులో మాత్రం అనుమతి ఇవ్వడమే మామూలని, నిరాకరణ అరుదుగా ఉండాలని మళ్ళీ స్పష్టం చేసింది.

అనుమతి దొరకడమన్నది అఫిడవిట్‌లో ఏం రాశామన్న దాని మీదే ఉంటుంది. ‘ఖాళీ ప్రోనోటు మీద సంతకం పెట్టించుకున్నారు’ అని ఊరుకుంటే సరిపోదు. 1881 నాటి నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం ప్రకారం స్టాంపు కాగితం మీద సంతకం చేసి ఇస్తే, దాన్ని నింపుకునే అధికారం ఇచ్చినట్టే భావిస్తారు. ఎంత తీసుకున్నారు, ఎప్పుడెంత కట్టారు, నోటు వెనక చెల్లు రాశారా లేదా, రాసిన చెల్లు కింద సంతకం తనదేనా? ఇవన్నీ తేదీలతో చెప్పాలి. మూడేళ్ళ కాలపరిమితి దాటిపోయిన నోటును బతికించడానికి దొంగ చెల్లు వేశారంటే అది విచారణ జరపాల్సిన విషయమే. శ్రీకాకుళం, విజయనగరం మద్రాసు ప్రెసిడెన్సీలో ఉన్నప్పుడే వచ్చిన 1938 నాటి నాలుగో చట్టం, రైతుల రుణ ఉపశమన చట్టం, కింద వడ్డీ తగ్గింపు కోరే రైతు కూడా ఆ మాట అక్కడే రాయాలి.

గడువు దాటితే దారులన్నీ మూసుకుపోవు, ఇరుకవుతాయి. సరైన కారణముంటే ఆలస్యాన్ని కోర్టు మన్నించొచ్చు. డిక్రీ వచ్చేశాక దాన్ని రద్దు చేయించాలంటే ‘ప్రత్యేక పరిస్థితులు’ చూపాలి. రాలేకపోయిన కారణంతో పాటు, బాకీ విషయంలో తన వాదన ఏమిటో కూడా చెప్పాలని 2003లో రజనీకుమార్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. చెన్నైకో గుజరాత్‌కో పనికెళ్ళిన మనిషి ఇంటి తలుపుకు సమన్లు అంటించి పోతే, అతను ఊరొచ్చాక చేయాల్సిన పని ఇది. మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు, పారిశ్రామిక కార్మికులకు 1987 చట్టం కింద ఉచితంగా వకీలును ఇచ్చే జిల్లా న్యాయ సేవాధికార సంస్థలు శ్రీకాకుళంలోనూ విజయనగరంలోనూ ఉన్నాయి. ఆ గడప సమన్లు అందిన మొదటి రోజే తొక్కాలి.