ట్రెండింగ్ పదం కొరియాదా, జపాన్‌దా? కొన్ని అపోహలు, వాస్తవాలు

ఉపశీర్షికల అనువాదం చేసే మాలాంటివారిని కె-డ్రామాలు (కొరియా సీరియళ్లు), అనిమే (జపాన్ యానిమేషన్) చూసే స్నేహితులు తరచుగా అడిగే ప్రశ్న ఒకటుంది: ఫలానా పదం ట్రెండింగ్‌లో ఉంది, దాని అర్థమేమిటి? ఆ పదం దాదాపు ఎప్పుడూ ఇంగ్లీషు అక్షరాల్లోనే మా దగ్గరికి వస్తుంది. చిక్కంతా అక్కడే మొదలవుతుంది.

అపోహ: వినికిడిని బట్టి అది ఏ భాషో చెప్పేయవచ్చు.

వాస్తవం: ఇంగ్లీషు అక్షరాల్లో రాసిన ‘సోరా’నే తీసుకోండి. అది జపనీస్‌లో ఆకాశం, కొరియన్‌లో ఒక రకం సముద్రపు నత్త. పైగా రెండు దేశాల్లోనూ మనుషుల పేరు. ‘నము’ అంటే కొరియన్‌లో చెట్టు. జపాన్ బౌద్ధుల ప్రార్థనలో అదే మాట మన ‘నమో’. కొరియా బౌద్ధులు కూడా ప్రార్థనలో ‘నము’ అనే అంటారు కాబట్టి, దేశం తెలిసినంత మాత్రాన అర్థం తేలిపోదు. అయితే కొన్ని ఆనవాళ్లు లేకపోలేదు. జపనీస్ మాటలు అచ్చుతోనో, ‘న్’తోనో ముగుస్తాయి, అందువల్ల చివర క్, ప్, ల్, ఙ్ వినిపిస్తే అది జపనీస్ అయ్యే అవకాశం చాలా తక్కువ. ‘త్సు’, ‘జడ్’ ధ్వనులు ఉంటే కొరియన్‌ను పక్కన పెట్టవచ్చు. కానీ కొరియా ప్రభుత్వం 2000లో ప్రకటించిన రోమన్ లిపి పద్ధతిని అభిమానులే కాదు, చాలామంది కొరియన్లు తమ పేర్ల విషయంలో కూడా పాటించరు. ‘పార్క్’ అని రాసే ఇంటిపేరులో అసలు ‘ర’కారమే లేదు, ‘లీ’ని దక్షిణ కొరియాలో ‘ఈ’ అని పలుకుతారు. అందుకే నేను ముందుగా అడిగేది మూల లిపిలో ఉన్న స్క్రీన్‌షాట్. కొరియన్ లిపిలో చిన్న సున్నా తరచుగా కనిపిస్తుంది, పదాల మధ్య ఖాళీ ఉంటుంది. జపనీస్ వాక్యంలో సాధారణంగా ఆ ఖాళీ ఉండదు.

అపోహ: రెండు భాషల్లో దగ్గరగా వినిపిస్తే ఒకటి రెండోదానికి నకలు, అర్థమూ ఒకటే.

వాస్తవం: రెండింటికీ ఉమ్మడి పెట్టుబడి చైనా అక్షరాలు. మన రోడ్ల మీద తిరిగే హ్యుందాయ్ కారు పేరుకు ‘ఆధునికం’ అని అర్థం; కొరియాలో దాన్ని ‘హ్యొందే’ అంటారు, జపనీస్‌లో అవే అక్షరాలను ‘గెన్‌దాయ్’ అని చదువుతారు. కొన్ని మాటలు మాత్రం నిజంగానే జపాన్ నుంచి వెళ్లాయి: 19వ శతాబ్దంలో జపాన్ పండితుడు నిషి అమానే తత్వశాస్త్రానికి కూర్చిన ‘తెత్సుగాకు’ కొరియాలో ‘ఛొల్‌హక్’ అయింది. ఇక అర్థం సంగతికి వస్తే, తెలుగులో ప్రసంగమైన ‘ఉపన్యాసం’ హిందీలో నవల అయినట్లే, కొరియన్‌లో ప్రియుణ్ణో ప్రేయసినో సూచించే ‘ఏఇన్’ జపనీస్‌లో ‘ఐజిన్’గా వివాహేతర సంబంధాన్ని సూచిస్తుంది. ఉపశీర్షికలో ఈ రెండూ తారుమారైతే పాత్ర శీలమే మారిపోతుంది.

అపోహ: పదం ఏదో ఒక దేశానిదే అయి తీరాలి.

వాస్తవం: అనిమే లాంటివాటి వీరాభిమానిని సూచించే జపనీస్ ‘ఒటాకు’ కొరియా కుర్రకారు నోట ‘ఓదొఖు’గా మారి, ముందున్న ‘ఓ’ రాలిపోయి ‘దొఖు’గా మిగిలింది. దాన్ని ఇంకా కుదించి, ముందు ‘ప్రవేశం’ అనే అర్థమున్న చైనా మూలపు ‘ఇప్’ను తగిలించి, ఒక తారకు కొత్తగా అభిమాని కావడాన్ని ‘ఇప్‌తొక్’ అంటున్నారు. ఇది ఏ దేశపు మాట అని అడిగితే, వేరు జపాన్‌ది, కూర్పు కొరియాది అనడమే సరైన జవాబు.

అపోహ: కొరియన్‌లోనూ ‘అప్పా’, ‘నా’, ‘నీ’ ఉన్నాయి కాబట్టి అది మన ద్రావిడ భాషలకు చుట్టం.

వాస్తవం: హోమర్ హల్బర్ట్ అనే అమెరికన్ 1905లోనే ఈ వాదన చేశారు, భాషాశాస్త్రజ్ఞుల్లో అత్యధికులు దాన్ని అంగీకరించలేదు. పసిపిల్లల నోట తొలుత పలికే ధ్వనులతో తల్లిదండ్రుల పేర్లు ఏర్పడటం ప్రపంచమంతటా ఉన్నదే.

అపోహ: ఒక పదాన్ని ఎంతగా వెతుకుతున్నారో చూపే గూగుల్ ట్రెండ్స్ గీత వందకు చేరిందంటే లక్షలమంది వెతుకుతున్నారు, కనుక దాని వెనుక తప్పకుండా లోతైన సాంస్కృతిక అర్థం ఉంటుంది.

వాస్తవం: గూగుల్ ట్రెండ్స్ చూపే వంద, ఎంచుకున్న కాలంలో, ప్రాంతంలో ఆ పదం అందుకున్న గరిష్ఠ స్థాయి మాత్రమే, వెతుకులాటల సంఖ్య కాదు. అరుదైన పదమైతే కొద్దిపాటి కదలికకే గీత నిట్టనిలువుగా లేస్తుంది. ఆ పదం ఒక ఆటగాడి ఖాతా పేరో, సౌందర్య సాధనం పేరో, కేవలం అక్షరదోషమో కూడా కావచ్చు. మూల లిపి, మొదట వాడిన సందర్భం దొరకనంత వరకు నేను ఆ పదాన్ని ఉన్నదున్నట్లు తెలుగు లిపిలో రాసి, అర్థం గడిని ఖాళీగానే ఉంచుతాను.