పోలేదు, అసలు తీయనే లేదు: రెజినాల్డ్ టేట్ కథ

పాత బ్రిటిష్ టీవీ కార్యక్రమాల రీళ్లు ఎక్కడైనా బయటపడితే చాలు, మిగతావి ఏమయ్యాయన్న పేచీ మళ్లీ మొదలవుతుంది. నైజీరియాలో బీబీసీ సైన్స్ ఫిక్షన్ ధారావాహిక 'డాక్టర్ హూ' పాత ఎపిసోడ్లు తొమ్మిది దొరికాయని 2013లో ప్రకటించాక ఆశలకు హద్దు లేకుండా పోయింది. ఆ చర్చలోకి వచ్చే పేర్లలో బ్రిటిష్ నటుడు రెజినాల్డ్ టేట్ ఒకరు. 1953లో బీబీసీ ప్రసారం చేసిన సైన్స్ ఫిక్షన్ ధారావాహిక 'ది క్వాటర్‌మాస్ ఎక్స్‌పెరిమెంట్'లో ప్రొఫెసర్ క్వాటర్‌మాస్ పాత్రను తొలిసారి పోషించింది ఆయనే. ఆరు భాగాల్లో ఇప్పుడున్నవి రెండే. మిగిలిన నాలుగింటినీ బీబీసీ పారేసిందన్నది ఆరోపణ.

ఆ తర్వాతి దశాబ్దాల్లో బీబీసీ బోలెడు టేపులు చెరిపేసిన మాట నిజమే. ఈ ఒక్క కేసులో మాత్రం ఆ నేరం దానికి అంటదు.

ఆ ధారావాహిక లండన్ అలెగ్జాండ్రా ప్యాలెస్ స్టూడియో నుంచి ప్రతి శనివారం ప్రత్యక్షంగా వెళ్లేది. దాచాలంటే టీవీ తెర ముందు ఫిల్మ్ కెమెరా పెట్టి చిత్రీకరించాలి. కెనడాకు అమ్మే ఆలోచనతో మొదటి రెండు భాగాలను అలాగే తీశారు. నాణ్యత నాసిగా వచ్చింది. రెండో భాగంలోనైతే తెర మీద వాలిన పురుగు కూడా రికార్డయింది! దాంతో ఆ ప్రయత్నం మానేశారు. అసలు మలుపు ఇదే. ఆగస్టు 22న వెస్ట్‌మినిస్టర్ అబే నేపథ్యంలో సాగిన ఆఖరి భాగంలో, రాక్షసాకారంగా మారిన వ్యోమగామిలో మిగిలిన మనిషితనాన్ని ప్రొఫెసర్ మాటలతోనే తట్టి లేపుతాడు. భారమంతా టేట్ గొంతు మీదే. దాదాపు 50 లక్షల మంది చూశారంటారు. రచయిత నైజెల్ నీల్ స్క్రిప్టు ఉంది, టేట్ ఎలా పలికారో మాత్రం లేదు.

తప్పు నటుల సంఘం 'ఈక్విటీ'ది అనేవాళ్లూ ఉన్నారు. రికార్డింగులంటే సంఘానికి పడని మాట వాస్తవం. కానీ వాళ్ల వైపు నుంచి చూడండి. అప్పట్లో ఆదివారం వేసిన నాటకాన్ని గురువారం మళ్లీ వేయాలంటే నటులంతా స్టూడియోకు వచ్చి మొదటి నుంచి ఆడాల్సిందే. రెండోసారి ఆడినందుకు రెండోసారి డబ్బు. ఆ చోట ఫిల్మ్ డబ్బా వచ్చి కూర్చుంటే కూలి పోయేది ఎవరికి? రంగస్థలం మీద బతికినవాళ్లు ఆ లెక్క వేసుకోవడంలో వింతేముంది? అయినా క్వాటర్‌మాస్ రికార్డింగు ఆగింది ఆ పట్టుదల వల్ల కాదు, బొమ్మ బాగోలేక.

ఆ మరుసటి ఏడాది డిసెంబరులో పీటర్ కుషింగ్ నటించిన బీబీసీ నాటకం 'నైన్‌టీన్ ఎయిటీ ఫోర్' రెండో ప్రదర్శనను రికార్డు చేశారు కాబట్టి అది నేటికీ ఉంది. 1955లో కొనసాగింపు ధారావాహిక 'క్వాటర్‌మాస్ II' వచ్చేసరికి శనివారపు ప్రసారాన్ని ఫిల్మ్ మీదకెక్కించి సోమవారం మళ్లీ చూపించారు. ఆ ఆరు భాగాలూ భద్రం. కానీ చిత్రీకరణ మొదలవడానికి కొద్ది వారాల ముందు, ఆగస్టు 23న, 58 ఏళ్ల టేట్ హఠాత్తుగా చనిపోయారు. ప్రొఫెసర్ పాత్రకు ఆయన బదులు హడావుడిగా జాన్ రాబిన్సన్‌ను తీసుకున్నారు. శాస్త్ర పరిభాష నిండిన సంభాషణలతో రాబిన్సన్ పడిన ఇబ్బందిని నేటికీ ఎత్తిచూపుతారు. ఎత్తిచూపడానికి ఆధారం మిగిలింది మరి. టేట్ మరణించిన మూడో రోజునే మొదటి ధారావాహిక కథతో హామర్ సంస్థ తీసిన సినిమా విడుదలైంది. అందులో క్వాటర్‌మాస్ అమెరికా నటుడు బ్రయన్ డాన్‌లెవీ. ఆయన ఎంపిక నీల్‌కు ససేమిరా నచ్చలేదు.

నిజానికి టేట్ టీవీ జీవితం అంతకు చాలా ముందే మొదలైంది. 1937లో మొదటి ప్రపంచ యుద్ధ విరమణ దినాన బీబీసీ ప్రసారం చేసిన 'జర్నీస్ ఎండ్' అనే యుద్ధ నాటకంలో కెప్టెన్ స్టాన్‌హోప్ ఆయనే. ప్రసారాన్ని దాచే పద్ధతే బీబీసీకి లేని రోజులవి. చెరిపేసిన టేపుల కోసం వెతికేవాళ్లకు 1960ల జాబితా ఎలాగూ పొడుగే. అందులోంచి టేట్ పేరు తీసేస్తే వాళ్ల శ్రమైనా కొంత తగ్గుతుంది.